సంచి బరువు

సంచి బరువు పోగా, బస్తాకు ఇంకో రెండు కిలోలు తగ్గుతున్నాయని విరుదునగర్ మిరప మండీలో రైతులు గొడవ చేశారు. అక్కడి తూకం బిల్లుల కంప్యూటర్ ప్రోగ్రాం రాసింది నేనే కనుక కోవిల్‌పట్టి నుంచి బస్సెక్కి వచ్చాను.

మోసం అతనిదే అనుకుని, మండీ యజమాని హరికృష్ణన్‌ను నిలదీశాను.

"కాటాలో ఏం చేసినారు?"

"ఏం జెయ్యలేదమ్మా. సంచి బరువుకని బిల్లులో రొండు కిలోలు తీస్తా ఉండాను. తాత కాలంనుంచీ అదే గదా!"

కాటా నుంచి బిల్లుకు తూకాన్ని అందించే డీఎల్ఎల్ ఫైలు కోడ్ తెరిచాను. సంచి బరువుకని అందులోనూ రెండు కిలోలు తీసేసి ఉన్నాయి. అలా రాసింది నేనే, మూడేళ్ల కిందట.

చెప్పాను. అతను నవ్వాడు.

"ఎవురికీ చెప్పొద్దు బృందా. ఆ ఫైలు అట్లనే ఉండనీ. నీ పేరూ చెడదు."

ముందు నాకు హాయిగా అనిపించింది. అసహ్యం ఆ తర్వాత వేసింది.