డాలు పారేసినవాడి కూజా

ఆ మనిషి గుమ్మం మీది కూజా గుర్తును చాలాసేపు చూశాడు. తర్వాత లోపలికి వచ్చి, కుమ్మరి సారె ముందు వంగి కూర్చున్న దెక్సియాస్ వీపు మీద చెయ్యి వేశాడు.

దెక్సియాస్ ఉలిక్కిపడ్డాడు. సారె మీది గిన్నె ఒక పక్కకు ఒరిగిపోయింది.

"ఏయ్, ఎవడ్రా నువ్వు? నా వీపేమన్నా మీ తాత సొమ్మా?"

ఆ మనిషి ముఖానికి సగం దాకా గుడ్డ చుట్టి ఉంది. గొంతులోంచి గురగురమని శబ్దం వచ్చింది. మాట రాలేదు. తర్వాత దగ్గు వచ్చింది.

"మూగోడయ్యా," అన్నాడు కుండలు కాల్చే ఆవం దగ్గర పుల్లలు విరుస్తున్న పనివాడు సిమోస్. "అడుక్కోవడానికి వచ్చుంటాడు."

ఆ మనిషి కాదన్నట్టు తలూపాడు. కింద పడి ఉన్న కుంచె అందుకుని, ఒక పెంకు మీద ఒకే ఊపులో పరుగెత్తే గుర్రాన్ని దించాడు.

దెక్సియాస్ పెంకును కళ్ళ దగ్గర పెట్టుకుని చూశాడు. ఏథెన్సు కుమ్మరివాడ మొత్తంలో అంత చెయ్యి తిరిగినవాడు లేడు.

"కొరింథు పనితనం," అన్నాడు సిమోస్. "అక్కడి బానిసలు ఇట్టాగే దించుతారు. యుద్ధంలో పట్టుకుపోయి అమ్మేసిన బాపతేమో."

"ఉంటావా? రెండు పూటలా బార్లీ రొట్టె, ఉల్లిపాయ," అన్నాడు దెక్సియాస్.

ఆ మనిషి ఉండిపోయాడు. పేరు ఎవరూ అడగలేదు. కుండల మీద 'దెక్సియాస్ నన్ను చేశాడు' అని యజమాని రాసుకుంటాడు. బొమ్మ వేసినవాడి పేరుతో ఎవరికి పని?

మూలన ఒక పొడవాటి కూజా ఉంది.

పెళ్ళిస్నానానికి నీళ్ళు తెచ్చే కూజా అది. పెళ్ళి కాకుండా పోయినవాళ్ళకు దాన్నే సమాధి మీద పెడతారు. భార్య మిర్రిని పోరు పడలేక, కొడుకు క్లితోస్ కోసం దెక్సియాస్ దాన్ని చేశాడు. చేశాడే గానీ, బొమ్మ వేయించే ధైర్యం చాలలేదు.

పొరుగున ఉన్న మెగరా వాళ్ళతో జరిగిన యుద్ధం నుంచి క్లితోస్ శవం రాలేదు. డాలు వచ్చింది. అదీ, ఏథెన్సువాళ్ళు వెనక్కి పరుగెత్తిన దారిలో దొరికింది. అందరి డాళ్ళ మీదా సింహాలుంటే, ఆ డాలు మీద తండ్రి ముచ్చటపడి వేసిన కూజా బొమ్మ ఉండేది. ఎవరిదో పోల్చుకోవడం కష్టం కాలేదు.

కత్తి పోగొట్టుకున్నవాణ్ణి ఏథెన్సు క్షమిస్తుంది. డాలు పారేసినవాణ్ణి క్షమించదు.

"దారివ్వండే, పరుగుల వీరుడి తల్లి వచ్చింది!" అని నీళ్ళ దగ్గర ఆడవాళ్ళు నవ్వేవారు. "అడ్డం నిలబడితే ఆవిడా బిందె పారేసి పరుగెత్తగలదు!"

మిర్రిని ఖాళీ బిందెతో ఇంటికొచ్చేది.

"వాడు పారిపోలేదయ్యా. కన్న కడుపుకి తెలియదూ?"

"నీ కడుపు చెప్పే సాక్ష్యం ఈ ఊళ్ళో ఎవడు వింటాడే?" అనేవాడు దెక్సియాస్.

ఆమె ఆ కూజాకు తల ఆనించి ఏడవడం ఆ మనిషి రోజూ చూస్తూనే ఉన్నాడు.

ఒక సాయంత్రం దెక్సియాస్ మట్టిగుంట నుంచి వచ్చేసరికి, ఆ మనిషి పొడవాటి కూజా మీద బొమ్మ ముగిస్తున్నాడు.

కాల్చకముందు రంగూ కుండా రెండూ ఎర్రమట్టే. నలుపు తేలేది ఆవంలో. పైగా ఏళ్ళ తరబడి పొగ తాగిన దెక్సియాస్ కళ్ళు మసకబారాయి.

"ఏం వేశాడ్రా?"

"ఒక భటుడు ఇంకొకణ్ణి వీపున మోస్తున్నాడయ్యా. పాత యుద్ధాల కథేలే, అందరూ వేసేదే. కింద..." సిమోస్ ఆగిపోయాడు.

"కింద?"

"డాలు పడుంది. దాని మీద కూజా."

దెక్సియాస్‌కు ఒళ్ళు మండిపోయింది. ఊళ్ళో నవ్వులు చాలవా? తన రొట్టె తింటూ, తన కొడుకు సమాధి మీదే ఎగతాళా?

"ఎవడు పంపాడ్రా నిన్ను?"

జుట్టు పట్టుకుని లేపాడు. ముఖం మీది గుడ్డ జారిపోయింది. ఎడమ చెవి నుంచి పెదవి దాకా దవడ చీలి, వంకరగా అతుక్కుని ఉంది.

ఆ మనిషి తన గుండె మీద కొట్టుకున్నాడు. కూజా వైపు చూపించాడు. మళ్ళీ దెక్సియాస్ వీపు తాకబోయాడు.

"చెయ్యి తియ్!"

దెక్సియాస్ అతన్ని వానలోకి తోసి గడియ వేశాడు. తలుపు మీద దెబ్బలు కాసేపు వినిపించాయి. తర్వాత దగ్గు. తర్వాత వాన ఒక్కటే.

కర్ర తీసుకుని కూజా మీదికి వెళ్ళబోతే మిర్రిని అడ్డం పడింది.

"పగలగొడితే నా మీద ఒట్టే. నా బిడ్డ పేరున ఉన్నది ఇదొక్కటేనయ్యా!"

కూజా ఆవంలోకి వెళ్ళింది.

ఆవం విప్పిన రోజు పొద్దున్నే సిమోస్ కబురు తెచ్చాడు.

"ఆ మూగోడు ఊరి ద్వారం దగ్గర చలికి బిగుసుకుపోయాడంటయ్యా. పేరు తెలిసినవాళ్ళే లేరంట. దిక్కులేనివాళ్ళ గోతిలో వేసి మట్టి కప్పేశారు."

దెక్సియాస్ ఆవంలోంచి కుండలు బయటికి తీస్తూనే ఉన్నాడు.

మిర్రిని కూజాను వెలుగులోకి తెచ్చి, కొంగుతో బూడిద తుడిచింది. తుడుస్తున్న చెయ్యి ఆగిపోయింది.

"ఏమయ్యా, ఒకసారి ఇటు రా."

నలుపు నిగనిగలాడుతోంది. సూదితో చెక్కిన గీతలన్నీ స్పష్టంగా తేలాయి. దెక్సియాస్ కూజాను ముఖానికి దగ్గరగా పట్టుకున్నాడు.

మోస్తున్నవాడికి ఇంకా గడ్డం రాలేదు. నుదుటి మీద క్లితోస్ రింగుల జుట్టు. డాలు అడ్డం లేని డొక్కలో బాణం దిగి ఉంది. అయినా రెండు చేతులూ వెనక్కి మడిచి, వీపు మీది బరువు జారకుండా పట్టుకున్నాడు.

"డాలు పట్టుకోవడానికి చెయ్యేదయ్యా వాడికి?" అంది మిర్రిని.

దెక్సియాస్ వేలు పైకి పాకి, కొడుకు వీపుకు చెంప ఆనించి పడుకున్న మనిషి దగ్గర ఆగింది: ఎడమ చెవి నుంచి పెదవి దాకా, చీలిన దవడ మీద, రక్తంలా ఎర్రరంగు.