నలభై నిమిషాల తెల్లగుడ్డ

"నేను సంతకం పెట్టను" అంటూ టైలరమ్మ కాగితాన్ని పక్కకి తోసేసింది.

దర్శకురాలు దాన్ని మళ్లీ ఆమె ముందుకి జరిపింది. రేపు పదకొండింటికి చిత్రోత్సవంలో తన డాక్యుమెంటరీ మొదటి ప్రదర్శన. ఈ అనుమతి కాగితం మీద సంతకం లేకపోతే సినిమా వేసేది లేదని నిర్వాహకులు ఖరాకండిగా చెప్పేశారు.

"ఏం నచ్చలేదు పిన్నీ?"

"నచ్చడానికి ఏముందమ్మా అందులో? నలభై నిమిషాలూ తెల్లగుడ్డే చూపించావు. మా కొట్లో గుడ్డలు లేవా? నా ముఖం ఏదీ? పోనీ నా మాటైనా లేదు."

మూల ఇస్త్రీ చేస్తున్న టైలరమ్మ భర్త, నవ్వు కనపడకుండా చొక్కా మీదికి ఇంకాస్త వంగాడు.

దర్శకురాలు స్టూలు ముందుకి జరుపుకుంది. "ఇది ప్రయోగం పిన్నీ. ఎవరైనా చూస్తుంటే చేతులాడవన్నారు కదా మీరు. అందుకే వారం రోజులు రికార్డరు ఒక్కటే మీ అలమరలో పెట్టి వెళ్లాను. ముఖం చూపిస్తే జనం ముఖమే చూస్తారు. తెరని ఇలా ఖాళీగా, తెల్లగా వదిలేస్తే మీ మిషను చప్పుడు వింటారు. ఇదిగో, వినండి."

ల్యాప్‌టాప్‌లో సౌండు పెంచింది. కుట్టుమిషను టకటకమంటూ పరుగెత్తింది, తడబడింది, మళ్లీ అందుకుంది. ఉన్నట్టుండి ఆగిపోయింది.

"ఈ ఆగడం ఉందే, రెండు నిమిషాలు పిన్నీ. ఎంపిక కమిటీలో ఒకాయన సరిగ్గా ఇక్కడే కళ్లజోడు తీసి తుడుచుకున్నారట. ముప్ఫై ఏళ్ల మీ కష్టమంతా ఈ మౌనంలోనే ఉంది. అప్పుడు మీకేం గుర్తొచ్చింది?"

టైలరమ్మ భర్త వైపు చూసింది. నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది. భుజాలు కదిలిపోతున్నాయి. అటు భర్త చెవులు ఎర్రబడ్డాయి. దర్శకురాలికీ కళ్లు చెమర్చాయి. తన సినిమా ఒక్కటైనా అర్థమైందని ఇంట్లోవాళ్లే ఇంతవరకూ అనలేదు. ఇన్నాళ్లకి అర్థమైంది, అదీ ఒకేసారి ఇద్దరికి.

"సంతకం పెట్టిస్తాలే తల్లీ" అంది టైలరమ్మ కళ్లు తుడుచుకుంటూ. పెన్ను తీసుకెళ్లి భర్త చేతిలో పెట్టింది.

"బాబాయిగారి సంతకం ఎందుకు పిన్నీ? మిషను తొక్కింది మీరు కదా."

"నేనెక్కడ తొక్కానమ్మా? ఆ వారమంతా మా చెల్లెలింట్లో ఉన్నాను. కొట్టు మూసేస్తే నువ్వు చిన్నబుచ్చుకుంటావని ఈయనే కూర్చున్నారు. మిషను ముట్టుకోవడం అదే మొదలు."

ఆయన సిగ్గుపడుతూనే సంతకం చేశాడు. కాగితం అందించి, ఎడమచేతి చూపుడువేలు ఆమె ముందు పెట్టాడు.

"అప్పుడే ఇందులో సూది దిగిందమ్మా. నీ రికార్డు పాడవుతుందని ఆ రెండు నిమిషాలూ అరవకుండా ఓర్చుకున్నాను."