కూత తెగింది

కబడ్డీలో ఇప్పుడు తీర్పులన్నీ యంత్రానివే. చెవిలో అది చెప్పిందానికల్లా రిఫరీ నాంచారమ్మ ఈల ఊదాలి. తిట్లు మాత్రం ఆమెకే.

"ఇక నేనెందుకయ్యా మీకు?" అంటూ టోర్నీ మేనేజరు మీద విరుచుకుపడింది.

"మిషన్ని తిడితే జనానికి కసి తీరదు మేడమ్. తిట్టడానికి ఓ మొహం ఉండాలిగా!"

ఒళ్లు మండిపోతుండగానే కోర్టులోకి దిగింది. కూతకెళ్లిన ఆ ఊరి జట్టు కెప్టెన్ మధ్యలో గాలి పీల్చుకున్నాడు. ఆమెకు స్పష్టంగా వినబడింది. యంత్రం మాత్రం "పాయింట్" అంది.

నాంచారమ్మ చెవిలోని ఇయర్‌ఫోన్ పీకి నేలకేసి కొట్టింది.

"కూత తెగింది! నువ్వు అవుట్!"

స్టేడియమంతా బూతులతో హోరెత్తిపోయింది.

"తిట్టండ్రా, గట్టిగా తిట్టండి!" అని అరిచింది నాంచారమ్మ. "ఇన్నేళ్లకి ఇవి నా సొంత తిట్లు!"