ఏనుగు అడగని ప్రశ్న

వాగు ఎండిపోతే ముళ్లపంది పిల్లలను వెంటేసుకుని నీళ్లు వెతుక్కుంటూ వెళ్లింది. తిరిగొచ్చేసరికి తాను తవ్వుకున్న బొరియలో నక్క కాపురముంది. వానలు ముంచుకొస్తున్నాయి. గూడు లేకపోతే పిల్లలు బతకవు.

తగవు అడవికి పెద్దయిన ఏనుగు దగ్గరికి చేరింది. ఆ అడవి ఆనవాయితీ ప్రకారం ఏనుగు వేసిన ప్రశ్నకే సాక్షులు జవాబివ్వాలి, ఇంకేమీ మాట్లాడకూడదు.

"బొరియలో ఉంటున్నది ఎవరు?" అంది ఏనుగు.

"నక్కే," అన్నాయి సాక్షులుగా వచ్చిన కుందేలు, ఉడుము. అందులో అబద్ధం లేదు.

"ఇంకేం ముళ్లమ్మా, పిల్లల్ని చెట్టెక్కించుకో!" అని నక్క నవ్వింది.

"తాతా, సాక్షులది తప్పు కాదు, నువ్వడిగిందే తప్పు. ఇది దూరిందనేగా నా ఏడుపు! ఎవరుంటున్నారని అడుగుతావేం?" అంది ముళ్లపంది ఏనుగుతో.

"సగంలో ప్రశ్న మారుస్తారా?" నక్క అరిచింది.

ఏనుగు సాక్షుల వైపు తిరిగింది. "తీర్పు చెప్పేదాకా దిద్దుకోవచ్చు. ఆ బొరియ తవ్విందెవరు, నక్క దూరిందెప్పుడు?"

"ముళ్లపందే. మట్టి తోడుతుంటే చూశాను. అది నీళ్లకు వెళ్లాక నక్క దూరడమూ చూశాను," అంది కుందేలు.

"మరి ఇందాక చెప్పలేదేం?"

"నువ్వడగలేదు తాతా."

ఏనుగు తొండమెత్తి నక్కను బయటికి పొమ్మంది. పిల్లలు తల్లికంటే ముందే బొరియలోకి దూరాయి.