గుమ్మంలో గొడవ

“మళ్ళీ చెడగొట్టుకొచ్చారా!”

గడిచిన గంటల్ని తిరగరాసే లేఖకుడు కలాన్ని బల్లమీదికి విసిరాడు.

“మీ ఆయన చావును మార్చలేను, ఆ ఆఖరి ఉదయపు మాటలే మార్చగలనన్నాను. గొడవ తీసేయమని మీరే కాళ్ళావేళ్ళా పడ్డారు. నవ్వుతూ సాగనంపేలా మూడుసార్లు రాశాను. తీరా ఆ ఉదయంలోకి వెళ్ళాక మీరే కయ్యానికి కాలు దువ్వుతారు! నా రాతంతా బూడిదలో పోసిన పన్నీరు!”

ఆమె తల దించుకుంది.

“నవ్వుతూ పంపిస్తే చెప్పులేసుకుని వెంటనే వెళ్ళిపోతున్నారండీ. పోట్లాడితే, నాకు జవాబు చెప్పడానికైనా గుమ్మంలో కాసేపు ఆగుతున్నారు.”

లేఖకుడు విసిరిన కలాన్ని వెతికి తీసి, సిరాలో ముంచాడు.

“దేనిమీద గొడవ రాయమంటారు?”

“ఏదైనా పర్లేదండీ. తెగనిది రాయండి.”