పన్నెండు నిమిషాలు

ఫ్యాక్టరీలో సర్క్యూట్ బోర్డుల పరీక్షను పన్నెండు నిమిషాలు తగ్గించినందుకు, పరీక్షల హాలు పెద్దకు ఆ వారమే ‘స్పీడు’ అని పేరొచ్చింది.

నిజానికి అతను చేసిందల్లా ఒక్క లైను చెరిపేయడం.

ఆస్పత్రుల్లో గుండె కొట్టుకోవడం చూపించే మానిటర్లకు అక్కడ బోర్డులు తయారవుతాయి. హాల్లో ఆరు బల్లలున్నా, పరీక్ష నడిపేది ఒకటే ఉమ్మడి కంప్యూటరు ప్రోగ్రాం ఫైలు. కరెంటిచ్చాక పన్నెండు నిమిషాలు ఆగి, ఆ తర్వాతే పరీక్షించమని అందులో ఉంది. ఎందుకో రాసి లేదు.

స్పీడు ఆ లైను తీసేశాడు. ఆరు బల్లలూ ఒక్కసారే పరుగందుకున్నాయి.

ఆ ఫైలును చాలా కంపెనీలు వాడతాయి. అందుకని తన మార్పును ఇంటర్నెట్‌లో వాళ్ళందరూ చూసే చోట కూడా పెట్టాడు. తెలివిని దాచుకోవడం అతనికి చేతకాదు.

నాలుగో రోజు ఒక పెద్దాయన వచ్చి గేటు దగ్గర కూర్చున్నాడు. వాచ్‌మన్ మూడుసార్లు వచ్చి చెప్పాక, ఇక వదిలేలా లేడని స్పీడు బయటికి వెళ్ళాడు. ఈ నాలుగు రోజుల్లో పరీక్షించిన మూడు వందల బోర్డులు సాయంత్రం నాలుగింటికి లారీ ఎక్కాలి.

“ఆ పన్నెండు నిమిషాలు ఎందుకు తీసేశారు బాబూ?”

స్పీడుకు నవ్వొచ్చింది. రిటైరైన ఇంజనీర్లకు పొద్దుపోదని అతని గట్టి నమ్మకం.

“అంతసేపూ బోర్డు ఊరికే కూర్చుంటుందండీ. అందుకే తీశా.”

“ఊరికే కూర్చోదు, వేడెక్కుతుంది. చల్లగా ఉన్నంతసేపూ ఏ అతుకైనా గట్టిగానే కనిపిస్తుంది బాబూ.”

ఏ కంపెనీలో చేశారని అడిగితే, ఎక్కడా చేయలేదన్నాడు ఆయన. ఇవాళ వెళ్ళేవాటిలో కొన్నయినా పాత పద్ధతిలో చూడమని బతిమాలాడు. తాతకు దగ్గులు నేర్పొద్దని ఆ తాతతోనే అనేసి, స్పీడు లోపలికొచ్చాడు.

మాట మాత్రం మనసులో ముల్లులా ఉండిపోయింది. ఆయన తప్పని తేలిస్తే గానీ భోజనం సయించేలా లేదు. పాత ఫైలు పెట్టించి, ఆరు బల్లల మీదా ఆరు బోర్డులు ఎక్కించాడు.

పదకొండో నిమిషంలో నాలుగో బల్ల మీది తెర ఆరిపోయింది.

ఆ బల్ల మీద పనిచేసే అక్క బోర్డును చల్లార్చి మళ్ళీ పెట్టింది. మళ్ళీ పదకొండో నిమిషానికే ఆరిపోయింది. వేడికి ఒక అతుకు లేస్తోంది.

“లారీ వచ్చింది. ఎక్కించమంటావా తమ్ముడూ?”

“వద్దక్కా. అన్నీ దింపించు.”

పైవాళ్ళకు ఫోన్ చేసి తప్పు తనదేనని చెప్పాడు. చెప్పడానికి సిగ్గేసింది, అయినా నీళ్ళు నమలలేదు. తీసేసిన లైను మళ్ళీ పెట్టాడు. మర్నాటికి మూడు వందలూ పరీక్షిస్తే పంతొమ్మిది పాడైనవి బయటపడ్డాయి.

పెద్దాయన కోసం గేటుకు పరుగెత్తాడు గానీ, ఆయన నిన్ననే బస్సెక్కి వెళ్ళిపోయాడట.

ఆ ఫైలు రాసినావిడ వేరే ఊళ్ళో ఉంటుంది. ఆమె నంబరు పట్టుకుని ఫోన్ చేశాడు. అంత అనుభవమున్న మనిషి కచ్చితంగా ఆమె గురువై ఉంటాడని, క్షమాపణ చెప్పుకోవాలని అన్నాడు.



“గురువు కాదండీ. ఆయనకు కంప్యూటరు ఆన్ చేయడం కూడా రాదు. ఆ లైను ఎవరు తీసేసినా తనకు చెప్పమని నా దగ్గర మాట తీసుకున్నారు. చెప్పాను. నేను మీకు రెండు మెయిళ్ళు పెట్టి ఊరుకున్నాను, ఆయన బయల్దేరి వచ్చేశారు.”

“మరి ఆయనకెందుకండీ అంత పట్టింపు?”

“ఆ లైను లేని రోజుల్లో, మా ఫైలు బాగుందని చెప్పిన మానిటరు ఒకటి ఆస్పత్రిలో పదకొండో నిమిషానికి ఆరిపోయింది. గుండె ఆగిన సంగతి ఎవరికీ తెలియలేదు. ఆ మంచం మీద ఉన్నది ఆయన భార్య.”