కంచెకు ఇవతల

"అక్కడే ఆగు బాబూ! కంచె దాటితే ఊరుకోను," అంది ముసలి సోములమ్మ, ఇత్తడి కడియాల చెయ్యి అడ్డం పెట్టి.

డుంబ్రిగుడ పైకొండ మీది ఆ పల్లె దారికి అడ్డంగా వెదురు కంచె ఉంది. అవతల ఆమె, ఇవతల టీకాల పెట్టెతో ఎలీయేజరు.

"మశూచి రాకుండా టీకాలేస్తానమ్మా. ఈ మందు రేపటికి పాడైపోతుంది. మళ్లీ ఏడాదికి గాని రాదు."

"నువ్వొచ్చిన ఊళ్లో అమ్మోరు నేదా?"

ఎలీయేజరు అబద్ధమాడలేకపోయాడు. "నలుగురికి పోసింది."

"అయితే ఎనిమిది రోజులు ఆ పనస కింద కూకో. నీకు పొయ్యకపోతే అప్పుడు రా."

"నేను దొరగారు పంపిన మనిషిని!"

"మీ దొరగారు అమ్మోరికి తెలుసా ఏటి?"

కంచె వెనక పల్లెంతా నవ్వింది. 'వీళ్లు మూఢులు' అని రాయడానికి ఎలీయేజరు రిజిస్టరు తెరిచాడు. మొదటి పేజీలోనే సర్కారు హుకుం అచ్చయి ఉంది: రోగమున్న ఊరివాళ్లను మరో ఊళ్లోకి రానివ్వరాదు. ఆ హుకుం పాటించే ఊరు ఇన్నాళ్లకు కనబడింది. పాటించనిది తనే.

రిజిస్టరు మూసేశాడు. "నేను రానమ్మా. మీ చేతులు ఇవతలికొస్తాయా?"

సోములమ్మ ఆలోచించి, వెదురు సందులోంచి ఆకులో బూడిద తోసింది. "ముందు నీ సేతులు కడుక్కో."

కడుక్కున్నాడు. సందుల్లోంచి ఒక్కొక్క చెయ్యీ వచ్చింది. అన్నిటికన్నా చివర ఇత్తడి కడియాల ముడతల చెయ్యి వచ్చి, టీకా వేయించుకుని, లోపలికెళ్లి, ఆనప బుర్ర నిండా చోడి అంబలితో మళ్లీ వచ్చింది.

"ఎండన పడొచ్చావు, తాగు. బుర్ర మాత్రం నీ కాడే ఉంచీసుకో."